సమాధానం: క్రషింగ్ తగ్గలేదు, అయినా ఆవిరి పీడనం పడిపోతోంది

మీ చక్కెర మిల్లులో చెరకు క్రషింగ్ తగ్గకపోయినా బాయిలర్ ఆవిరి పీడనం, గ్రిడ్‌కు ఇచ్చే కరెంటు పడిపోతున్నాయని, టర్బైన్‌ను విప్పి చూడాలా అని అడిగారు. విప్పకండి. క్రషింగ్ మామూలుగానే ఉండి, గ్రిడ్‌కు ఇచ్చే కరెంటు మాత్రం తగ్గిందంటే ముందుగా అనుమానించాల్సింది బాయిలర్‌లో కాల్చే చెరకు పిప్పిలో తేమను.

ల్యాబ్ లెక్కలో తేమ 50 శాతమే ఉందన్నారు. నాకు నమ్మకం లేనిది ఆ అంకె మీదే. బాయిలర్‌కు పిప్పిని మోసుకెళ్లే క్యారియర్ మీద గుప్పెడు తీసి, మూతలేని పళ్లెంలో ల్యాబ్ దాకా మోసుకెళితే, తూకం వేసేలోపే కొంత తేమ ఆరిపోతుంది. చాలామంది తప్పేది ఇక్కడే.

1. చెరకు పిండే రోలర్ల వరుసలో చివరి మిల్లు నుంచి పిప్పి బయటికి వచ్చే చోటే నమూనా తీయండి. రోలర్ రెండు చివర్లలో, మధ్యలో, మూడూ విడివిడిగా.

2. మూత బిగించే డబ్బాలో వేసి వెంటనే తూచండి. 105 డిగ్రీల వద్ద, బరువు ఇక తగ్గనంత వరకు ఆరబెట్టి మళ్లీ తూచండి.

3. ఒక చివరే తడిగా ఉంటే ఆ వైపు రోలర్‌ను నొక్కే హైడ్రాలిక్ ఒత్తిడి చూడండి. మూడూ తడిగా ఉంటే రోలర్ మీది గాడులు పూడుకుపోయి రసం దిగడం లేదేమో చూడండి.

తేమ ఒక్క శాతం పెరిగితే కిలో పిప్పికి దాదాపు 46 కిలోకేలరీలు పోతాయి. 50 శాతం తేమ వద్ద కిలో పిప్పిలో ఉండేదే సుమారు 2,270 కిలోకేలరీలు.

తేమ తగ్గాలని పిప్పిలోని చక్కెరను రాబట్టడానికి మిల్లుల దగ్గర చల్లే నీటిని మాత్రం కోసేయకండి. చక్కెర పిప్పిలోనే ఉండిపోయి బాయిలర్‌లో కాలిపోతుంది.

యార్డులో వానకు తడిసిన పిప్పి కలుపుతుంటే ఈ పరీక్ష అయ్యేదాకా ఆపండి.