కెమెరా పట్టుకొని ఉద్దానం వస్తున్న మేనకోడలికి

అమ్మలూ,

నీ ఉత్తరం అందింది. ఛానల్లో ఎడిటింగ్ ఉద్యోగం మానేసి, ఉద్దానంలో కిడ్నీ జబ్బు మీద డాక్యుమెంటరీ తీస్తానన్నావు. తియ్యి. ఈ పని మన శ్రీకాకుళం జిల్లా పిల్లలే చెయ్యాలని నాకెప్పటినుంచో ఉంది. ఉద్యోగం మాత్రం ఒక్కసారిగా వదిలెయ్యకు. ఇలాంటి సినిమాకు ముందు కావాల్సింది వ్యవధి, ఆ వ్యవధికి కూడు పెట్టేది ఇంకో పనే. నెలలో కొన్నాళ్లు బయటి ఎడిటింగ్ ఒప్పుకో. పెళ్లి వీడియోలు కట్ చేసినా నామోషీ ఏం లేదు. ఇంటద్దె టెన్షన్ నెత్తిమీద ఉంటే, ఎదుటివాళ్లు నోరు విప్పేదాకా ఆగే ఓపిక ఉండదు.

మన దగ్గరికి కెమెరాలు రాకపోవడం లేదు. 2010 జూలైలో సోంపేటలో థర్మల్ విద్యుత్ కేంద్రం వద్దన్న జనం మీద పోలీసు కాల్పులు జరిగినప్పుడు వచ్చాయి. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను కొబ్బరి తోటల్ని నేలకూల్చినప్పుడూ వచ్చాయి. నాలుగు రోజులు తీసుకొని వెళ్లిపోయాయి. కేసుల్లో ఇరుక్కొని వాయిదాలకు తిరిగినవాళ్లని, కొత్తగా నాటిన కొబ్బరి మొక్క కాపుకొచ్చేదాకా ఇల్లు గడవక వలస పోయినవాళ్లని తీసినవాళ్లు ఎంతమంది? నీకు మిగిలిన పని అదే. అందుకే మళ్లీ మళ్లీ వచ్చేలా నీ బతుకును సర్దుకోమంటున్నాను.

కవిటి, కంచిలి వైపు ఏ ఊరెళ్లినా మొదటి రెండు మూడు సార్లు కెమెరా సంచిలోంచి తియ్యకు. డయాలసిస్ ఒక్కసారికి దాదాపు నాలుగు గంటలు పడుతుంది, వారానికి రెండు మూడు సార్లు వెళ్లాలి. ఆ రోజు మనిషి ఇంటికొచ్చి మంచం మీద వాలిపోతాడు. అప్పుడు మైకు పెట్టకు, మర్నాడు వెళ్లు. వాళ్లింట్లో నీళ్లగ్లాసు చూడు. రోజుకింత అని కొలిచి తాగాలి. చుట్టూ కొబ్బరి తోట, మే నెల ఎండ, అయినా బొండం ముట్టకూడదు. అందులోని పొటాషియం ఆ జబ్బుకి చేటు. సొంత చెట్టు కాయ కొట్టి చుట్టాలకిచ్చి, తాను పెదాలు తడుపుకొని కూర్చునే మనిషిని చూస్తే, కిడ్నీ ఎంత దెబ్బతిందో చెప్పే క్రియాటినిన్ రక్తపరీక్ష అంకెలు తెర మీద వెయ్యాల్సిన పని పడదు.

మొహం చూపించొచ్చా అని ఇంటాయన్ని ఒక్కణ్ణే అడిగితే చాలదు. ఆ ఇంట్లో పెళ్లీడు పిల్ల ఉంటే ఆ పిల్లనీ, తల్లినీ అడుగు. జబ్బున్న ఇల్లని తెలిసి సంబంధాలు తప్పిపోయిన ఊళ్లివి. ఈరోజు సరేనన్నవాళ్లు ఆర్నెల్లకి వద్దంటే, ఎంత మంచి షాటైనా తీసెయ్యాలి. దీంట్లో బేరం లేదు.

ఇంకో సంగతి. జబ్బుకి కారణం ఇదీ అని ఇంకా తేలలేదు. నీళ్లలో సిలికా అన్నారు, లోహాలన్నారు, పురుగుమందులన్నారు, ఎండలో ఒళ్లు ఎండిపోయేలా పనిచెయ్యడమన్నారు. నీకు నచ్చిన కారణాన్ని పట్టుకొని సినిమాని దానివైపు తోసెయ్యకు. తెలియకుండానే ఇన్నేళ్లు బతకడం ఎలా ఉంటుందో చూపించు. నా మట్టుకు అదే పెద్ద కథ.

డబ్బు గురించి అడిగావు. 1980ల్లో కేరళలో మలయాళ దర్శకుడు జాన్ అబ్రహాం, ఆయన ‘ఒడెస్సా’ సినిమా బృందంలోని మిత్రులు ఊరూరా తిరిగి జనం దగ్గర చందాలు పోగుచేసి సినిమా తీశారు. నువ్వూ చిన్న మొత్తాలే అడుగు, లెక్క అందరికీ చూపించు. సంస్థలు డబ్బిస్తామంటే తీసుకో, కానీ ఫైనల్ కట్, అంటే సినిమా చివరి రూపం మీద ఆఖరి మాట, నీదేనని ముందే కాగితం మీద రాయించుకో. తిరువనంతపురం, ముంబై డాక్యుమెంటరీ ఫెస్టివళ్లకి తప్పకుండా పంపు. బయట బహిరంగంగా వెయ్యాలంటే సెన్సార్ సర్టిఫికెట్ కావాలి, అక్కడ కోతలడిగితే రాతపూర్వకంగా జవాబివ్వు. డాక్యుమెంటరీలు తీసే ఆనంద్ పట్వర్ధన్ తన సినిమాల్ని దూరదర్శన్‌లో వేయించడానికి కోర్టుకెళ్లి గెలిచారు, దానికి ఏళ్లు పట్టింది. కాబట్టి ప్రతి కాగితం, ప్రతి ఫుటేజీ రెండు హార్డ్ డిస్కుల్లో, రెండు వేరే ఇళ్లల్లో ఉండాలి. ఒకటి మా ఇంట్లో పెట్టు.

మైకుకి బొచ్చు కవరు కొను. సముద్రం గాలి కొబ్బరాకుల్లో పడితే మాట వినపడదు. మనవాళ్ల మాట మనవాళ్ల యాసలోనే ఉంచు, పైన పుస్తకం భాషలో వ్యాఖ్యానం చదివించకు.

ఫెస్టివల్‌కి పంపేముందు రఫ్ కట్, అంటే ఇంకా తుదిరూపు దిద్దని కూర్పు, ఆ ఊళ్లోనే వెయ్యి. రాత్రి భోజనాలయ్యాక, బడి గోడ మీదైనా సరే. అక్కడ ఎవరైనా లేచి ‘ఇది తప్పు’ అంటే రాసుకొని మార్చు. ముందు బడ్జెట్ కాగితం నాకు పంపు. ప్రొజెక్టర్ అద్దె, జనరేటర్, దూరం ఊళ్లవాళ్లకి ఆటో ఖర్చు అందులో లేకపోతే నేనే వేసి తిప్పి పంపుతాను.

మీ మావయ్య,
సోంపేట