అమ్మాయిది హెచ్4 వీసా, ఫిజియోథెరపీ లైసెన్సు ఇస్తారా?

ప్రశ్న: మా అమ్మాయి విజయవాడ హెల్త్ యూనివర్సిటీ కింద ఉన్న కాలేజీలో బీపీటీ (ఫిజియోథెరపీ డిగ్రీ) చదివింది. పెళ్లయ్యాక, భర్త వీసా మీద ఆధారపడి ఇచ్చే హెచ్4 మీద అట్లాంటా వెళ్లింది. అల్లుడిది ఉద్యోగానికిచ్చే హెచ్1బీ. అక్కడ ఫిజియోథెరపీ లైసెన్సుకి అప్లై చేద్దామని చూస్తే, సిటిజనా, గ్రీన్‌కార్డు ఉందా, లేకపోతే చట్టబద్ధంగా ఉంటున్నట్టు రుజువేంటి అని అఫిడవిట్ అడుగుతున్నారట. హెచ్4 వాళ్లకి లైసెన్సే రాదని తెలిసినవాళ్లు అంటున్నారు. సోషల్ సెక్యూరిటీ నంబరు కూడా లేదు. చదివిందంతా వృథా అయిపోతుందేమోనని పిల్ల దిగులు పెట్టుకుంది. ఏదైనా దారి ఉందా?
– ఒక తల్లి, తెనాలి

జవాబు: దారి ఉందమ్మా. ముందు అమ్మాయికి ఫోన్ చేసి ఆ ఒక్క మాట చెప్పండి, మిగతాది తర్వాత చదువుకోవచ్చు.

హెచ్4 వాళ్లకి లైసెన్సు రాదని చెప్పినవాళ్లు రెండు వేర్వేరు సంగతులను కలిపేశారు. లైసెన్సు ఇచ్చేది రాష్ట్రం. ఉద్యోగం చేసుకోవడానికి అనుమతి ఇచ్చేది ఫెడరల్ ప్రభుత్వం. లైసెన్సు ఉండి ఉద్యోగానికి అనుమతి లేనివాళ్లు ఉంటారు. అనుమతి ఉండి లైసెన్సు లేనివాళ్లూ ఉంటారు. మీ అమ్మాయి అఫిడవిట్‌లో అడుగుతున్నది ఈ రెండూ కాదు. ఈ దేశంలో చట్టప్రకారం ఉంటున్నారా అన్నది మాత్రమే. హెచ్4 మీద సక్రమంగా ఉన్న మనిషి దానికి ధైర్యంగా అవునని చెప్పవచ్చు.

ఈ ప్రశ్న ఎందుకొచ్చిందో కూడా తెలిస్తే భయం తగ్గుతుంది. 1996లో అమెరికా కాంగ్రెస్ సంక్షేమ పథకాల మీద ఒక పెద్ద చట్టం చేసింది. రాష్ట్రాలు ఇచ్చే వృత్తి లైసెన్సులను కూడా అందులో ప్రభుత్వ ప్రయోజనం కిందే లెక్కగట్టారు. ఆ ప్రయోజనం ఎవరికి ఇవ్వవచ్చో చెబుతూ గ్రీన్‌కార్డు, శరణు లాంటివి పొందినవాళ్లతో పాటు నాన్ ఇమిగ్రెంట్లను, అంటే తాత్కాలిక వీసాల మీద ఉన్నవాళ్లను కూడా చేర్చారు. హెచ్4, హెచ్1బీ, ఎఫ్1 అన్నీ నాన్ ఇమిగ్రెంట్ వీసాలే. అంటే ఆ చట్టం మీ అమ్మాయికి తలుపు వేయలేదు. కాగితం చూపించమంటోంది, అంతే. ఆ కాగితం విషయంలో అట్లాంటా ఉన్న జార్జియా రాష్ట్రం కాస్త గట్టిగా ఉంటుంది. అఫిడవిట్‌ మీద నోటరీ ఎదుట సంతకం పెట్టాలి, గుర్తింపు పత్రం జతచేయాలి. లైసెన్సు ఇచ్చే రాష్ట్ర బోర్డు ఆ వివరాలను సేవ్ అనే ఫెడరల్ కంప్యూటర్ వ్యవస్థలో సరిచూస్తుంది.

ఇప్పుడు అన్నిటికంటే ముఖ్యమైన సంగతి. ఆ అఫిడవిట్‌లో మూడు గడులు ఉంటాయి. నేను అమెరికా పౌరురాలిని అన్నది మొదటిది. నేను శాశ్వత నివాసిని అన్నది రెండోది. మూడోది అర్హత ఉన్న విదేశీయులకు, నాన్ ఇమిగ్రెంట్లకు. మీ అమ్మాయి టిక్ పెట్టాల్సింది మూడోదానికి మాత్రమే. ఇంత చిన్న విషయం ఎందుకు నొక్కి చెబుతున్నానంటే, పౌరులం కాకుండా పౌరులమని ఫెడరల్ లేదా రాష్ట్ర చట్టం కింద ఏ ప్రయోజనం కోసం చెప్పినా, జీవితాంతం గ్రీన్‌కార్డుకి అడ్డుపడే నేరంగా ఇమిగ్రేషన్ చట్టం చూస్తుంది. దానికి మినహాయింపు దొరకడం చాలా చాలా కష్టం. తొందరలో పెట్టాను, ఫారం భర్త నింపాడు, కన్సల్టెన్సీ వాళ్లు నింపారు అన్న మాటలు అక్కడ పెద్దగా పనికిరావు. ఆన్‌లైన్ ఫారాల్లో మొదటి గడి ముందే టిక్ పడి ఉండవచ్చు. కాబట్టి సబ్మిట్ నొక్కే ముందు ఆ పేజీని ప్రింట్ తీసి, వేలు పెట్టి చదువుకోమనండి. ఇప్పటికే తప్పు టిక్ పడిపోయి ఉంటే, బోర్డుకి ఏమీ రాయకముందే ఇమిగ్రేషన్ లాయర్‌ని కలవాలి. ఈ ఒక్క పనికి డబ్బు ఖర్చుపెట్టడానికి వెనకాడకండి.

మూడో గడిలో ఒక చిక్కు ఉంది. అక్కడ ఏలియన్ నంబరు రాయమని అడుగుతారు. ఈఏడీ అనే వర్క్ పర్మిట్ కార్డు తీసుకున్నవాళ్లకి ఆ నంబరు ఉంటుంది. కార్డు మీద యూఎస్‌సీఐఎస్ నంబరు అని అచ్చువేసేది అదే. ఈఏడీ లేని హెచ్4 వాళ్లలో చాలామందికి ఆ నంబరే ఉండదు. అప్పుడు పాస్‌పోర్టు నంబరో, వీసా మీద ఎర్రగా కనిపించే నంబరో అక్కడ పెట్టేయవద్దు. దేశంలోకి వచ్చినప్పుడు ఇచ్చే ఐ-94 పత్రం నంబరు రాయవచ్చా అని బోర్డుకి ఈమెయిల్ చేసి, జవాబును దాచుకోమనండి. ఫోన్లో అడిగితే రేపు రుజువు ఉండదు.

ఐ-94 గురించి మన ఇళ్లలో చాలామందికి సరిగ్గా తెలియదు. పాస్‌పోర్టులో అతికించిన వీసా స్టాంపు కేవలం దేశంలోకి రావడానికి. ఎంతకాలం ఉండవచ్చో చెప్పేది ఐ-94. స్టాంపు తేదీ దాటిపోయినా ఐ-94 చెల్లుతుంటే మీ అమ్మాయి చట్టబద్ధంగా ఉన్నట్టే. విదేశీ పాస్‌పోర్టు ఒక్కటే పంపితే జార్జియాలో సరిపోదు. 2013లో చట్టం మార్చి, దానితో పాటు ఐ-94 లాంటి ఫెడరల్ పత్రం ఉండాలన్నారు. ఆ ఐ-94ని కస్టమ్స్ అండ్ బోర్డర్ ప్రొటెక్షన్ వెబ్‌సైట్ నుంచి ఉచితంగా డౌన్‌లోడ్ చేసుకోవచ్చు. దేశంలో ఉండగానే హెచ్4 పొడిగింపు వచ్చి ఉంటే, ఐ-797 అప్రూవల్ కాగితం కింది భాగంలో కొత్త ఐ-94 ఉంటుంది. ఏది చివర వచ్చిందో అదే పెట్టాలి. ఇంకో సంగతి కూడా చూసుకోమనండి. పాస్‌పోర్టు గడువు దగ్గరపడి ఉంటే, ఎయిర్‌పోర్టులో ఐ-94ని పాస్‌పోర్టు గడువు వరకే ఇచ్చేస్తారు. అల్లుడిది మూడేళ్లు, అమ్మాయిది ఏడాది అయ్యి, ఆ సంగతి ఇంట్లో ఎవరూ గమనించకపోవడం జరుగుతుంటుంది.

పేరు దగ్గర మనవాళ్లు పడే ఇబ్బంది మరీ ఎక్కువ. పదో తరగతి మెమోలో ఇంటిపేరు ఇనీషియల్‌గా ఉంటుంది, డిగ్రీలో ఇంటిపేరు ముందు ఉంటుంది, పాస్‌పోర్టులో మొత్తం పేరు ఒకే గడిలో ఉంటుంది. సర్‌నేమ్ గడి ఖాళీగా ఉన్న పాస్‌పోర్టు మీద వీసా ఇస్తే, పేరంతా సర్‌నేమ్ కింద వేసి మొదటి పేరు దగ్గర ఎఫ్ఎన్‌యూ అని వేస్తారు. మొదటి పేరు తెలియదు అని దానర్థం. బోర్డు సేవ్‌లో వెతికేటప్పుడు పేరు, పుట్టిన తేదీ, నంబరు ఐ-94లో ఉన్నట్టే పడాలి. లేకపోతే అక్కడికక్కడే రావాల్సిన జవాబు రాదు. మనిషి చేత్తో చూసే అదనపు పరిశీలనకి వెళుతుంది, రోజులో వారాలో ఆలస్యమవుతుంది. కాబట్టి ఐ-94లో పేరు ఎలా ఉందో అఫిడవిట్‌లో అలాగే రాయాలి. పెళ్లి తర్వాత ఇంటిపేరు మారి ఉంటే మ్యారేజ్ సర్టిఫికెట్ కాపీ జతచేయాలి. కేసు ఎంతవరకు వచ్చిందో సేవ్ వాళ్ల కేస్‌చెక్ పేజీలో అమ్మాయే చూసుకోవచ్చు.

అఫిడవిట్ మీద ఇంట్లోనే సంతకం పెట్టేసి నోటరీ దగ్గరికి తీసుకెళ్లవద్దు. ఆయన కళ్ల ముందే పెట్టాలి. బ్యాంకుల్లో, యూపీఎస్ స్టోర్లలో నోటరీలు దొరుకుతారు.

సోషల్ సెక్యూరిటీ నంబరు లేకపోవడం నిజమైన ఇబ్బందే, కానీ దానికీ మందు ఉంది. లైసెన్సు దరఖాస్తులో ఆ నంబరు నమోదు చేయాలని ఫెడరల్ చట్టం రాష్ట్రాలకు చెప్పింది. నంబరే లేనివాళ్లకు లేదని ప్రమాణపత్రం ఇస్తే చాలా బోర్డులు తీసుకుంటాయి. జార్జియా ఫిజికల్ థెరపీ బోర్డు ఏం కోరుతుందో అదే ఈమెయిల్‌లో అడగమనండి. అల్లుడికి ఐ-140 (గ్రీన్‌కార్డు కోసం కంపెనీ వేసే దరఖాస్తు) అప్రూవ్ అయి ఉంటే మాత్రం దారి తేలికవుతుంది. 2015 మే నెల నుంచి అలాంటివాళ్ల భార్యలకు, భర్తలకు ఈఏడీ ఇస్తున్నారు. ఈఏడీకి వేసే ఐ-765 ఫారంలోనే సోషల్ సెక్యూరిటీ నంబరు కూడా కావాలని అడగవచ్చు. ఈఏడీతో ఏలియన్ నంబరు, ఉద్యోగానుమతి, సోషల్ నంబరు మూడూ ఒకేసారి తేలిపోతాయి. రెన్యువల్‌ని మాత్రం ముందుగానే వేయించండి. 2025 అక్టోబరు 30 నుంచి వేసిన రెన్యువల్స్‌కి పాత కార్డు దానంతటదే పొడిగే సౌకర్యం తీసేశారు. కార్డు గడువు ముగిసిన రోజున లైసెన్సు గోడకి వేలాడుతున్నా పని ఆపేయాలి.

ఐ-140 ఇంకా కాలేదంటే హెచ్1బీ ఉంది. లైసెన్సు కావాల్సిన వృత్తికి హెచ్1బీ అడిగితే లైసెన్సు చూపించమంటారు. కొన్ని రాష్ట్రాల్లో లైసెన్సు కోసం వెళితే సోషల్ నంబరో వీసానో చూపించమంటారు. ఇలా ఇరుక్కున్నవాళ్ల కోసమే నిబంధనల్లో ఒక వెసులుబాటు ఉంది. మిగతా అర్హతలన్నీ ఉండి, ఆ ఒక్క కాగితం వల్లే లైసెన్సు ఆగిందని చూపిస్తే ఏడాది వరకు హెచ్1బీ ఇవ్వవచ్చు. చాలామంది హెచ్ఆర్‌లకి ఇది తెలియదు. మీ అమ్మాయే లాయర్‌కి గుర్తుచేయాలి.

అల్లుడి ఉద్యోగం మారి వేరే రాష్ట్రం వెళితే నియమాలు కూడా మారతాయి. కాలిఫోర్నియాలో 2014లో చేసిన చట్టం వల్ల సోషల్ నంబరు బదులు పన్నుల కోసం ఇచ్చే ఐటిన్ నంబరు చాలు. న్యూజెర్సీ 2020లో ఈ అడ్డంకి తీసేసింది. న్యూయార్క్‌లో ఒకప్పుడు ఫార్మసిస్టు లైసెన్సు పౌరులకి, గ్రీన్‌కార్డు వాళ్లకి మాత్రమే అని చట్టం ఉండేది. హెచ్1బీ మీద పనిచేస్తున్న ఫార్మసిస్టులు కోర్టుకెళ్లారు. 2012లో అక్కడి ఫెడరల్ అప్పీల్ కోర్టు అది రాజ్యాంగ విరుద్ధమని తేల్చింది. ఆ కేసు శీర్షికలోనే ఉన్నది మన తెలుగు ఇంటిపేరు. అయితే లూసియానా నర్సు లైసెన్సు కేసులో, 2011లో, ఇంకో అప్పీల్ కోర్టు దీనికి వ్యతిరేకంగా చెప్పింది. ఆ కోర్టు పరిధిలోనే టెక్సస్ కూడా ఉంది. అందుకే డల్లాస్‌లో ఉన్న స్నేహితురాలు చెప్పిన మాటను అట్లాంటాలో పట్టుకోకూడదు.

మీరు తెనాలిలో ఉండి చేయగలిగిన పని కూడా ఒకటుంది. బీపీటీ సర్టిఫికెట్లను ఎఫ్‌సీసీపీటీ లాంటి సంస్థ మూల్యాంకనం చేయాలి, ఆ తర్వాతే లైసెన్సు కోసం రాయాల్సిన ఎన్‌పీటీఈ పరీక్ష. దానికి యూనివర్సిటీ నుంచి సీలు వేసిన కవర్లో ట్రాన్‌స్క్రిప్టులు, సిలబస్ వెళ్లాలి. విజయవాడలో అప్లికేషన్ ఇచ్చే రోజున అమ్మాయి పాస్‌పోర్టు జిరాక్స్ చేతిలో పెట్టుకుని వెళ్లండి. పేరు అక్షరం అక్షరం సరిపోయిందో చూసుకున్నాకే కవరు సీలు వేయించండి.