రెండో ప్రపంచ యుద్ధ కాలంలో బ్రిటన్ ప్రజలు ఇళ్లలో క్రిస్మస్ ఎలా జరుపుకున్నారు?

పండుగ ఆగలేదు, తీరు మారింది. 1940 జనవరిలో వెన్న, పంచదార, బేకన్‌లకు రేషన్ మొదలైంది. దాంతో గృహిణులు ముందు నుంచే కొంచెం కొంచెం దాచేవారు. పుడ్డింగ్‌లో తీపి కోసం క్యారెట్ తురుము కలిపేవారు. బొమ్మల తయారీ తగ్గిపోవడంతో పిల్లల కానుకలు చాలావరకు ఇంట్లోనే తయారయ్యేవి. పాత స్వెటర్ల ఊలు విప్పి మళ్లీ అల్లేవారు. ఇంత కష్టంలోనూ పిల్లల్ని నిరాశపరచకూడదన్న ఆ తపన నిజంగా గొప్పది. శత్రు విమానాలకు కనబడకుండా రాత్రిళ్లు దీపాలు ఆర్పే బ్లాకౌట్ వల్ల వీధుల్లో వెలుగు లేదు. 1940 జూన్ నుంచి చర్చి గంటలూ ఆగిపోయాయి, శత్రువు దండెత్తితేనే మోగించాలని నియమం. ఆ ఏడాది బాంబు దాడుల వల్ల లండన్‌లో ఎంతోమందికి పండుగ అండర్‌గ్రౌండ్ (భూగర్భ రైలు) స్టేషన్లలోనే గడిచింది. అన్నిటికన్నా పెద్ద లోటు మనుషులదే: తండ్రి సైన్యంలో, బాంబుల భయంతో నగరాల నుంచి పంపేసిన పిల్లలు పల్లెల్లో ముక్కూమొహం తెలియని వాళ్ల ఇళ్లలో.