నాన్నగారి బీరువా ఎప్పుడు తెరవాలి?

మీ నాన్నగారు పోయి నెలైనా కాలేదు, అన్నయ్యేమో ఒక్క ఆదివారంలో సామానంతా తేల్చేద్దామంటున్నాడు, అమ్మగారు బట్టలు ముట్టుకోనివ్వట్లేదు, ఏం చేయాలని అడిగారు. బట్టల జోలికి ఇప్పుడే వెళ్లకండి. ముందు కాగితాలు చూడండి, అదీ నింపాదిగా.

మా నాన్న చెన్నైలోని రైలు పెట్టెల ఫ్యాక్టరీ ఐసీఎఫ్‌లో చేసి రిటైరయ్యారు. పెరంబూర్‌లో ఇల్లు. పన్నెండో రోజు అయిందో లేదో తమ్ముడూ నేనూ పాత పేపర్లవాణ్ణి పిలిచేశాం. అతను తూకం వేస్తుంటే అమ్మ వచ్చి పంచాంగాలు ఉంచమంది. ఎప్పటివో పంచాంగాలు ఎందుకమ్మా అని విసుక్కున్నాం. తీరా చూస్తే ఒకదాని మధ్యలో రెండు షేర్ సర్టిఫికెట్లు! వరసగా ఏడేళ్లు డివిడెండ్ తీసుకోకపోతే షేర్లు ఐఈపీఎఫ్ అనే ప్రభుత్వ నిధికి వెళ్లిపోతాయి. మావీ వెళ్లిపోయాయి. వారసులు దరఖాస్తు పెట్టి తిరిగి తెచ్చుకోవచ్చు, తిరగడానికి ఓపిక ఉండాలంతే. లీగల్ హెయిర్ సర్టిఫికెట్‌కి మాత్రం ఇప్పుడే తమిళనాడు ప్రభుత్వ ఈ-సేవై కేంద్రంలో పెట్టేయండి, తాసిల్దారు ఆఫీసు నుంచి వస్తుంది. మర్చిపోయిన బ్యాంకు డిపాజిట్ల కోసం ఆర్‌బీఐ 2023లో తెచ్చిన ఉద్గమ్ పోర్టల్‌లో నాన్నగారి పేరు కొట్టి చూడండి. ఆయన పెన్షనరైతే పీపీఓ, అంటే పెన్షన్ మంజూరు కాగితం, జాగ్రత్త, అమ్మగారి ఫ్యామిలీ పెన్షన్‌కి అది కావాలి.

మేం చేసిన పెద్ద తప్పు ఇంకొకటుంది. వారం తిరక్కుండానే నాన్న సిమ్ ఆపించేశాం. ఏ బ్యాంకు మెసేజ్ పంపుతోంది, ఏ పాలసీ గడువు దాటిపోతోంది, అన్నీ ఆ ఫోనే చెప్పేది. కొన్నాళ్లు రీచార్జ్ చేయించండి. దాంతో డబ్బు మాత్రం తీయకండి. బ్యాంకుకు చెప్పి, క్లెయిమ్ పెట్టే తీసుకోవాలి.

ఇక బట్టలు. రెండు నెలలు పోయాక ఒక మధ్యాహ్నం అమ్మే బీరువా తెరిచి, పంచెలన్నీ వాచ్‌మన్‌కి ఇచ్చేసింది. మేం పక్కన నిలబడి సంచులు పట్టుకోవడం తప్ప చేసిందేమీ లేదు. గొడవంతా హెచ్‌ఎంటీ వాచీ దగ్గరే వచ్చింది. నాకంటే నాకని ఇద్దరం, యాభై దాటినవాళ్లం, చిన్నపిల్లల్లా వాదించుకున్నాం. మర్నాడు అమ్మ బజారుకెళ్లి బెల్టుకి ఇంకో కన్నం పొడిపించుకొచ్చి తనే కట్టేసుకుంది. ఇప్పటికీ పొద్దున్నే కీ ఇస్తుంది. వాచీ మాట మళ్లీ ఎత్తే ధైర్యం మా ఇద్దరికీ లేదు.