ఆధునిక కవిత్వం చదవాలంటే తత్వశాస్త్రం తెలిసి ఉండాలా?

ఆధునిక కవిత్వానికీ తత్వశాస్త్రానికీ ఉన్న సంబంధం ఎలాంటిది, తత్వశాస్త్రంతో పరిచయం లేనివారికి ఈ కవిత్వం అందుతుందా అన్నది ప్రశ్న. నేను కళాశాలలో తత్వశాస్త్రం చదువుకున్నాను. కవిత్వం అంతకు ముందు నుంచే చదువుతున్నాను, ఇప్పటికీ కొందరు మిత్రులతో కలిసి చదువుతూ చర్చించుకుంటూ ఉంటాను. ఈ రెండింటితోనూ చాలాకాలం గడిపిన పాఠకుడిగా నాకు స్థిరపడిన అభిప్రాయం ఇది: మంచి ఆధునిక కవిత తత్వశాస్త్రం నుంచి సిద్ధాంతాన్ని అరువు తెచ్చుకోదు, తత్వవేత్త ఒక నిర్ధారణకు వచ్చి ముగించిన ఆలోచనను తిరిగి తెరిచి, ఆ ఆలోచన ఒక మనిషికి నిజంగా ఎదురైనప్పుడు ఏమవుతుందో చూపిస్తుంది. తత్వశాస్త్రం తెలిసినవారికి ఇది మరింత స్పష్టంగా కనిపించవచ్చు గానీ, తెలియనివారికి తలుపు మూసి ఏమీ లేదు.

కవిత్వానికీ తత్వానికీ పాత తగాదా ఉందని ప్లేటో 'రిపబ్లిక్' చివరి భాగంలో అన్నాడు. అరిస్టాటిల్ మాత్రం చరిత్ర కన్నా కవిత్వమే ఎక్కువ తాత్వికమైనదన్నాడు, ఎందుకంటే జరిగినదాన్ని కాక జరగడానికి వీలున్నదాన్ని అది చెబుతుంది. ఆధునిక కవి పరిస్థితిని అర్థం చేసుకోవడానికి నాకు ఈ ఇద్దరి కన్నా రోమన్ కవి లుక్రీషియస్, ఇటాలియన్ కవి డాంటే ఎక్కువగా ఉపయోగపడ్డారు. క్రీస్తుకు పూర్వం మొదటి శతాబ్దంలో లుక్రీషియస్ ఆరు భాగాల కావ్యం రాసేటప్పటికి గ్రీకు తత్వవేత్త ఎపిక్యూరస్ సిద్ధాంతం అతని ముందు సంపూర్ణంగా సిద్ధమై ఉంది. డాంటేకు మధ్యయుగపు క్రైస్తవ వేదాంతులు ఒక విశ్వాన్నే మెట్లుమెట్లుగా అమర్చి పెట్టారు. ఇరవయ్యో శతాబ్దపు కవికి అలాంటి ఉమ్మడి చట్రం లేదు. మతవిశ్వాసం సడలింది, విజ్ఞానశాస్త్రం చెప్పే ప్రపంచంలో మనిషి చోటు ఏమిటో తేలలేదు, పైగా పాఠకులందరూ ఒప్పుకునే ఒకే జవాబు ఏ ప్రశ్నకూ మిగలలేదు. అందుకే ఈ కవి తత్వాన్ని పద్యంలో పెట్టి చెప్పలేడు. కవిత రాస్తూనే ఆలోచించుకోవలసి వచ్చింది.

ఆంగ్లంలో రాసిన కవి టి.ఎస్. ఎలియట్ దీనికి మంచి ఉదాహరణ. ఆయన హార్వర్డ్‌లో తత్వశాస్త్రం చదివాడు, సంస్కృతం కూడా నేర్చుకున్నాడు, ఎఫ్.హెచ్. బ్రాడ్లీ అనే ఆంగ్ల తత్వవేత్త మీద 1916లో సిద్ధాంత గ్రంథం పూర్తి చేశాడు. 1922లో వెలువడిన 'ది వేస్ట్ లాండ్' చివరి భాగంలో బృహదారణ్యకోపనిషత్తులోని కథ వస్తుంది. ప్రజాపతి పలికిన 'ద' అనే ఒకే అక్షరాన్ని దేవతలు దమించండి అని, మనుషులు ఇవ్వండి అని, అసురులు దయ చూపండి అని అర్థం చేసుకుంటారు. ఉపనిషత్తులో ఇది ఉపదేశం. ఎలియట్ కవితలో మొదటగా వచ్చే 'ఇవ్వండి' అనే ఆజ్ఞ వినబడగానే మనం ఇచ్చిందేమిటన్న ప్రశ్న పుడుతుంది. దయ చూపమన్న ఆజ్ఞ దగ్గర ఇంకా విచిత్రమైన సంగతి జరుగుతుంది. ప్రతి మనిషీ తన చెరసాలలో కూర్చుని తాళంచెవి గురించే తలపోస్తూ, అలా తలపోయడం వల్లనే ఆ చెరసాలను రుజువు చేస్తున్నాడని కవిత అంటుంది. ఆ పంక్తులకు రాసుకున్న వివరణలో కవి, ఒకరి అనుభవం బయటివారికి మూసిన వలయమని చెప్పే బ్రాడ్లీ మాటలను ఉటంకించాడు. అంటే ఇతరుల పట్ల దయ కలిగి ఉండమనే తత్వమూ, ఇతరుల అనుభవం మనకు అందదనే తత్వమూ కొన్ని పంక్తుల్లోనే ఎదురెదురుగా నిలబడ్డాయి. వ్యాసమైతే వీటిలో ఏది సరైనదో తేల్చాలి, లేదా రెండింటినీ సమన్వయించాలి. కవిత ఆ రెండూ నిజమేనన్నట్టు బతుకుతున్న మనిషిని మన ముందు ఉంచి ఊరుకుంటుంది. ఇది తర్కం చేతకాకపోవడం వల్ల కాదు, ఆయన తర్కంలో శిక్షణ పొందినవాడే.

నాకు ఈ విషయం పుస్తకాల ద్వారా కాక మరో విధంగా అనుభవంలోకి వచ్చిన సందర్భం ఒకటుంది. మా అమ్మ చివరి జబ్బులో రాత్రిళ్ళు ఆమె పక్కన కూర్చుని ఉన్నప్పుడు ఎపిక్యూరస్ వాదం తరచుగా గుర్తుకు వచ్చేది. మనం ఉన్నంతవరకూ మరణం లేదు, మరణం వచ్చేసరికి మనం ఉండము, తెలివి లేని స్థితిలో బాధ లేదు కనుక భయపడడానికి కారణమూ లేదు అని ఆయన మెనోకియస్ అనే శిష్యుడికి రాసిన లేఖలో ఉంది. విద్యార్థిగా ఆ వాదాన్ని అన్ని వైపుల నుంచీ పరీక్షించినవాణ్ణే, అందులో లోపం చూపడం సులభం కాదని తెలిసినవాణ్ణే. అయినా భయం ఉన్నచోటే ఉంది. ఆమె కోసం ఉన్న భయమూ, ఆమెను చూస్తుంటే నా కోసం పుట్టిన భయమూ రెండూ ఆ వాదం ముందు ఏమాత్రం తగ్గలేదు.

ఆ నెలల్లోనే ఒక మిత్రుడు ఆంగ్ల కవి ఫిలిప్ లార్కిన్ రాసిన 'ఓబాద్' అనే కవితను పంపించాడు. అది 1977 డిసెంబరులో అచ్చయింది. తెల్లవారుతుండగా ప్రేమికులు విడిపోవడం గురించి రాసే పాత పాశ్చాత్య కవితారీతికి ఉన్న పేరే అది. లార్కిన్ కవితలో ప్రేమికులు లేరు. ఒక మనిషి తెల్లవారుజామున నాలుగు గంటలకు మెలకువ వచ్చి, తెర అంచుల్లో వెలుతురు రావడం కోసం చూస్తూ, తాను చనిపోతానన్న సంగతిని నేరుగా ఎదుర్కొంటాడు. కవిత మధ్యలో ఎపిక్యూరస్ వాదం పేరు లేకుండా వస్తుంది: తెలియబోని దాన్ని వివేకం ఉన్నవాడెవడూ భయపడడు అనే మాట. కవి దానికి ఒక్క వాక్యంలో బదులిస్తాడు. మేము భయపడుతున్నది సరిగ్గా దానికే, చూపు, వినికిడి, స్పర్శ, రుచి, వాసన ఏవీ లేకపోవడానికే, ఆలోచించడానికీ ప్రేమించడానికీ ఏమీ మిగలకపోవడానికే అని.

ఈ బదులును కేవలం భావోద్వేగం అనుకోవడం పొరపాటని నా గట్టి నమ్మకం. ఎపిక్యూరస్ వాదం మొత్తం ఒక ఊహ మీద నిలబడి ఉంది: భయం అంటే రాబోయే బాధను గురించిన భయమేనని. కవిత ఆ ఆధారాన్నే తొలగించింది, ఏ అనుభూతీ లేకపోవడమే భయకారణం కావచ్చునని చూపింది. థామస్ నేగెల్ అనే తత్వవేత్త 1970లో మరణం మీద రాసిన వ్యాసంలో దాదాపు ఇదే దిశలో వాదించాడు. మరణం మనకు బాధ కలిగిస్తుందని కాదు, బతికి ఉంటే దక్కే మంచిని దూరం చేస్తుంది కనుక అది చెడు అని ఆయన పక్షం. వ్యాసం ఆ సంగతిని నిరూపించడానికి అభ్యంతరాలను ఒక్కొక్కటిగా తీసుకుంటుంది, పుట్టక ముందు లేకపోవడం మనల్ని ఎందుకు బాధించదు అన్న చిక్కు ప్రశ్నను కూడా తీసుకుంటుంది. కవిత ఆ పని చేయదు. అది ఆ ఆలోచనను ఒక గంటకు, ఒక గదికి, ఒక ఒంటరి మనిషికి ముడివేస్తుంది. పది పంక్తుల చొప్పున అయిదు భాగాలుగా, కచ్చితమైన ప్రాసనియమంతో నడిచే ఆ నిర్మాణం భయాన్ని అదుపులో ఉంచుతూనే ఎక్కడా తగ్గించదు. చివరకు తెల్లవారుతుంది, పని ఉంటుంది, తపాలా పంచేవారు వైద్యుల్లా ఇంటింటికీ తిరుగుతుంటారు. ఓదార్పు అంటూ ఏమీ లేదు. నాకు కూడా ఆ కవిత వల్ల భయం తగ్గలేదు. కానీ నేను భయపడుతున్నది దేనికో మొదటిసారి సరిగ్గా తెలిసింది, వాదం నా మీద ఎందుకు పనిచేయలేదో కూడా తెలిసింది. తత్వశాస్త్రంలో జ్ఞానం అని దేన్నంటారో, దానికి ఇది చాలా దగ్గరగా ఉన్నదని నేను అనుకుంటున్నాను.

తత్వవేత్తలకూ కవులు అవసరమయ్యారు. జర్మన్ తత్వవేత్త హైడెగర్ తన ఆలోచనలో ముఖ్యమైన భాగాన్ని హోల్డర్లిన్, రిల్కే, ట్రాకల్ అనే జర్మన్ భాషా కవుల కవితల ఆధారంగానే నడిపాడు. అయితే ఈ అవసరం ఎప్పుడూ సుఖంగా సాగలేదు. జర్మన్ భాషలో రాసిన యూదు కవి పాల్ సెలాన్ తల్లిదండ్రులు యూదుల సంహారకాలంలో నిర్బంధ శిబిరంలో చనిపోయారు. 1933లో నాజీ పార్టీలో చేరిన హైడెగర్ రచనలను సెలాన్ శ్రద్ధగా చదివాడు, 1967 జూలైలో పర్వత ప్రాంతంలోని హైడెగర్ కుటీరానికి వెళ్ళి ఆయనను కలిశాడు కూడా. ఆ కలయిక గురించి రాసిన 'టోట్‌నావ్‌బెర్గ్' అనే చిన్న కవితలో నిందలు లేవు. ఔషధ మొక్కల పేర్లు, బావి నీరు, అతిథుల పుస్తకంలో రాసిన పంక్తి, ఒక ఆలోచనాపరుడి నుంచి మాట వస్తుందన్న ఆశ, సగం దూరమే నడిచిన దారి ఉన్నాయి. వాక్యాలు తెగిపోతూ ఉంటాయి. మాట రాలేదన్న సంగతిని ఆ తెగిపోవడంలోనే వినాలి. మా మిత్రులతో కలిసి ఈ కవితను చదివినప్పుడు మొదట నేపథ్యం చెప్పకుండా చదివాం. ఎవరికీ పేర్లు తెలియకపోయినా ఎవరో ఎవరి నుంచో ఏదో మాట కోసం ఎదురు చూస్తున్నారనీ, అది అందలేదనీ అందరికీ తెలిసింది. నేపథ్యం తెలిశాక ఆ ఎదురుచూపు బరువు మారింది. నాజీలు యూదులను సామూహికంగా చంపిన ఆష్విట్జ్ శిబిరం తర్వాత కవిత రాయడం అనాగరికమని 1951లో అచ్చులోకి వచ్చిన జర్మన్ తత్వవేత్త అడోర్నో మాట చాలామందికి తెలుసు. ఆయనే 1966లో, చిత్రహింసకు గురైన మనిషికి అరిచే హక్కు ఉన్నట్టే నిరంతర వేదనకు వ్యక్తమయ్యే హక్కు ఉందని ఆ మాటను సవరించుకున్నాడు. ఈ రెండో మాటను ఎవరూ అంతగా తలుచుకోకపోవడం నాకు బాధ కలిగిస్తుంది.

తెలుగులో ఈ దృష్టితో చదవదగిన కవిగా నేను ముందుగా ఆలూరి బైరాగిని చెబుతాను. 'నూతిలో గొంతుకలు'లో ఆయన షేక్స్పియర్ హామ్లెట్‌నూ అర్జునుణ్ణీ దోస్తోయెవ్‌స్కీ నవలలోని రాస్కల్నికోవ్‌నూ మాట్లాడించారు. ముగ్గురూ జవాబు తెలిసినవారు కారు, చేయవలసిన పని ముందు ఆగిపోయినవారు. అస్తిత్వం, శూన్యం, అనంతం వంటి మాటలు పేర్చినంత మాత్రాన కవిత తాత్వికం కాదని ఆ పుస్తకం చదివితే తెలుస్తుంది.

ఇక ఎలా చదవాలన్న విషయానికి వస్తే, తాత్విక గ్రంథాన్ని కవితకు తాళంచెవిగా ముందే చేతిలో పెట్టుకోవద్దని నా సలహా. కవితను రెండు మూడుసార్లు గట్టిగా చదివి, అది ఏ ప్రశ్న దగ్గర నిలబడి ఉందో మీ మాటల్లో ఒక వాక్యం రాసుకోండి. ఆ తర్వాతే ఆ ప్రశ్న మీద పనిచేసిన తత్వవేత్తను చదవండి. అప్పుడు వారిద్దరూ ఎక్కడ కలిశారో కన్నా ఎక్కడ విడిపోయారో మీకు బాగా కనిపిస్తుంది, అసలు విషయం అక్కడే ఉంటుంది. మొదలుపెట్టడానికి లార్కిన్ కవిత, ఎపిక్యూరస్ లేఖ, నేగెల్ వ్యాసం ఈ వరుసలో తీసుకోవచ్చు. మూడూ చిన్నవే, మూడింటిలోనూ భాష సూటిగా ఉంటుంది. సెలాన్‌ను మాత్రం ఒంటరిగా కాక, మరొకరితో కలిసి చదవమంటాను.