బ్యాలే వచ్చు, కెమెరా ఇంకా రావాలి

ప్రశ్న: మా అమ్మాయి హైదరాబాద్‌లో ఆరేళ్లుగా బ్యాలే నేర్చుకుంటోంది. ఇంటర్ అయిపోయింది. బ్యాలేతో ప్రయోగాత్మక షార్ట్ ఫిల్మ్‌లు తీస్తానని, విదేశాల్లో స్క్రీన్‌డాన్స్ (కెమెరా కోసమే నాట్యం కూర్చి ఫిల్మ్ తీయడం) కోర్సు చేస్తానని పట్టుబడుతోంది. మేం బీటెక్ అంటున్నాం. ఏది మేలు?

జవాబు: ఏది మేలని అడిగారు గానీ, మీ అసలు బెంగ రేపు పిల్ల బతుకెలాగని. అంత దిగులు వద్దమ్మా. ఎడిటింగ్, కెమెరా చేతికొస్తే పెళ్లి వీడియోల నుంచి ప్రకటనల దాకా పని ఉంటుంది. ఒక్క బ్యాలే ఫిల్మ్‌లతోనే ఇల్లు గడవదన్నది మాత్రం అమ్మాయికీ చెప్పండి.

స్క్రీన్‌డాన్స్ కోర్సు మీదే నాకు అనుమానం. ఆ పేరుతో ఉన్నవి ఎక్కువగా పీజీ కోర్సులు. ఒక్క ఫిల్మూ తీయకుండా వాటికోసం లక్షల అప్పు చేయొద్దు. ముందు మూడు నిమిషాల ఫిల్మ్ తీయమనండి.

స్టేజీ నాట్యాన్ని ఎదురుగా నిలబడి రికార్డు చేస్తే అది ఫిల్మ్ కాదు. 1945లో అమెరికన్ ప్రయోగాత్మక దర్శకురాలు మాయా డెరెన్ తీసిన ఫిల్మ్‌లో నర్తకుడు టాలీ బీటీ అడవిలో ఎత్తిన కాలు గదిలో దిగుతుంది. ఆ అడుగును కలిపింది ఎడిటింగే. అమ్మాయి కూడా 32 కౌంట్ల (తాళపు లెక్కల) నాట్యం ముక్క ఒకటి తీసుకుని మూడు కోణాల్లో తీయాలి. ప్రతి టేకూ కట్‌కి, అంటే షాట్లు అతికే చోటికి, రెండు కౌంట్ల ముందు మొదలై, రెండు కౌంట్లు దాటాక ఆగాలి. లేకపోతే అతుకు కుదరదు. భంగిమ నిలిచాక కట్ చేస్తే ఊపు చస్తుంది, కదలిక మధ్యలోనే కట్ చేయాలి. అన్నీ స్లో మోషన్‌లో పెడితే ఒంటి బరువు తెలియదు. సెకనుకు 48 ఫ్రేముల స్లో మోషన్ గెంతులకే వాడితే చాలు. ఎల్‌ఈడీ లైట్ల కింద కెమెరా షట్టర్ వేగం 1/50 లేదా 1/100 సెకను పెట్టకపోతే చారలు పడొచ్చు. టైల్స్ మీద గెంతనివ్వొద్దు, పిక్క ఎముకలు నొప్పెడతాయి. కాంక్రీటు మీద వినైల్ (ప్లాస్టిక్ షీటు) పరిచినా అంతే, దెబ్బను పీల్చుకునేలా కాస్త ఒదిగే చెక్క నేల కావాలి. ఇక సంగీతం. బ్యాలేలకు సంగీతం కూర్చిన చైకోవ్‌స్కీ 1893లోనే పోయారు, ఆయన స్వరాలు ఉచితమే. ఇప్పటి ఆర్కెస్ట్రా రికార్డింగ్ కాదు. తెలిసిన పియానిస్టుతో వాయించుకుని, రాతపూర్వకంగా అనుమతి తీసుకోండి.

ఆరేళ్లు ఫీజు కట్టి, స్టేజీ మీద ఫొటోలు తీసి మురిసిపోయి, ఇప్పుడు వద్దనడం తప్పమ్మా. ఇష్టం లేని బీటెక్‌లో కూర్చోబెడితే పోయే నాలుగేళ్లు పిల్లవి, మీవి కావు. మాసబ్‌ట్యాంక్‌లోని జేఎన్‌ఏఎఫ్‌ఏయూలో (జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీ) ఫొటోగ్రఫీ బీఎఫ్‌ఏ (లలిత కళల డిగ్రీ) ఉంది. ఏ డిగ్రీ చేసినా తర్వాత పుణే ఎఫ్‌టీఐఐ, కోల్‌కతా ఎస్‌ఆర్‌ఎఫ్‌టీఐ అనే ఫిల్మ్ శిక్షణ సంస్థల్లో ఎడిటింగ్‌కో దర్శకత్వానికో ప్రయత్నించొచ్చు. ఈలోగా చెక్క నేల ఉన్న స్టూడియో ఒక పూటకి అద్దెకు తీసుకోండి, డబ్బు మీరే కట్టండి.