విక్చువల్స్ అనాలా, విటిల్స్ అనాలా?

వి, ఐ, సి, టి, యు, ఎ, ఎల్, ఎస్ అని రాసే ఆ మాటని 'విటిల్స్' అనే పలకాలి. తిండి సరుకులు అని అర్థం, ఇప్పుడు పాత పుస్తకాల్లో తప్ప పెద్దగా కనిపించదు. పాత ఫ్రెంచ్ నుంచి ఇంగ్లిష్‌లోకి వచ్చినప్పుడు ఇందులో 'సి' లేనే లేదు. తర్వాత దీని మూలం లాటిన్ అని చూపించడానికి చదువుకున్నవాళ్లు ఆ అక్షరాన్ని రాతలో ఇరికించారు, జనం నోట్లో మాట మాత్రం పాతదే మిగిలింది. అప్పు అనే అర్థమున్న 'డెట్'లో 'బి' కూడా ఇలా దూరిందే. చాలామంది ఇవి ఒకప్పుడు పలికి, పోనుపోను సైలెంట్ అయిపోయిన అక్షరాలనుకుంటారు, కానీ అది 'నైఫ్'లో 'కె' సంగతి, దాన్ని నిజంగానే పలికేవారు.